తూగుదీవుల ఆచారం

తూగుదీవులు ఎక్కడున్నాయని ఎవరైనా అడిగితే మంగవ్వ తడుముకోకుండా చెప్పగలదు. అమీర్‌పేట మెట్రో స్టేషన్ వెనక సందులో, కోచింగ్ సెంటర్ల బోర్డులతో ముఖమే కనిపించకుండా పోయిన ఒక బిల్డింగు మీద, రేకుల షెడ్డు కింద ఉన్నాయి. కింది అంతస్తుల్లో సాఫ్ట్‌వేర్ క్లాసులు. ఆ పైన ఆడపిల్లల హాస్టలు. దాని మీద తాళం వేసిన ఆఫీసేదో. అన్నిటికీ పైన, ఒకప్పుడు పరీక్షలు పెట్టిన పెద్ద షెడ్డుకి చుట్టూ ఆకుపచ్చ గుడ్డ కట్టి, ఇదే సముద్రం, ఇదే ఆకాశం, అదిగో ఆ మూల కనిపించేది నిప్పులు కక్కే కొండ అన్నారు. లిఫ్టు ఉంది. అది లైట్లకి, కెమెరాకి, డైరెక్టరుగారికి. ఆ దీవుల్లో పుట్టి పెరిగిన జనం మాత్రం రోజూ మెట్లెక్కి తమ ఊరు చేరుకోవాలి.

మంగవ్వ ఆ జనంలో ఒకతె. కృష్ణానగర్‌లో ఒక గదిలో ఉంటుంది, జూనియర్ ఆర్టిస్టు. ఇన్నేళ్ళలో ఆమె ఎవరెవరి పెళ్ళిళ్ళకో అక్షింతలు వేసింది, ఎవరెవరి శవాల పక్కనో గుండెలు బాదుకుంది, ధర్నాల్లో పిడికిలెత్తింది, సంతల్లో వంకాయలు బేరమాడింది. పెళ్ళి ఎవరిదో, పోయింది ఎవరో ఆమెకి ఎవరూ చెప్పలేదు, ఆమె అడగనూ లేదు. నిలబడమన్న చోట నిలబడటమే ఆ పని. నిలబడీ నిలబడీ మోకాళ్ళు అరిగిపోయాయి. మెట్లెక్కేటప్పుడు హాస్టలు దగ్గర ఆగి, పిల్లల చెప్పుల స్టాండు పట్టుకుని ఊపిరి పీల్చుకుంటుంది. లోపలినుంచి వచ్చే పోపు వాసనకి కాస్త ప్రాణం లేచొస్తుంది. మళ్ళీ ఎక్కుతుంది.

మొదటి రోజు డైరెక్టరు రవికాంత్ అందర్నీ నేలమీద కూర్చోబెట్టి తను తీయబోయే వెబ్ సిరీస్ గురించి చెప్పాడు. కుర్రాడే. నిద్రలేక కళ్ళు గుంటలు పడ్డాయి.

"ఇది నడిసముద్రంలో దీవుల వరుస. ఇక్కడ ప్రకృతి మనకి తెలిసినట్టు ఉండదు. వాన నేలలోంచి పైకి కురుస్తుంది. సముద్రం ఉన్నట్టుండి లేచి గోడలా నిలబడుతుంది. అన్నిటికన్నా ప్రమాదం ఇంకోటుంది. అప్పుడప్పుడూ నేల పట్టు వదిలేస్తుంది. దేనికీ బరువుండదు. రాళ్ళు తేలతాయి, పడవలు తేలతాయి, ఏమరుపాటుగా ఉన్న మనిషి ఆకాశంలోకి పోతాడు. ఇక తిరిగి రాడు. దాన్ని తేలికపూట అంటారు. మీరంతా ఇక్కడి మూలవాసులు. తరతరాలుగా ఇక్కడే బతుకుతున్నారు. అర్థమైందా?"

అర్థమైందని అందరూ తలూపారు. తలూపడం జూనియర్ ఆర్టిస్టు నేర్చుకునే మొదటి పని.

ఈ మూలవాసులు ఏం తింటారు, ఎవరికి మొక్కుతారు, మనిషి పోతే ఏం చేస్తారు, అవేం ఆయన చెప్పలేదు. ఆయనకీ తెలిసినట్టు లేదు. హీరో పడవ దిగి దీవిమీద కాలు పెట్టేటప్పుడు వెనకాల కొందరు ఉండాలి. వీళ్ళు ఆ కొందరు. గోనెగుడ్డలు చుట్టి, మెళ్ళో ప్లాస్టిక్ గవ్వలు వేసి, మొహాలకి నీలం రంగు పులిమారు. ఆ రంగు ఎండితే చర్మం బిగదీసుకుపోయి నవ్వడం కూడా కష్టమే. "మీరే ఏదో ఒకటి చెయ్యండమ్మా, కొంచెం అడవి మనుషుల్లా," అని ఆయన మానిటరు ముందుకి వెళ్ళిపోయాడు.

మంగవ్వ పక్కన నిలబడింది కుసుమకుమారి. గుడివాడ వైపు మనిషి. ఒకప్పుడు పరిషత్తు నాటకాల్లో పెద్ద పెద్ద వేషాలు కట్టి షీల్డులు తెచ్చుకున్న నటి. సినిమాల్లో అమ్మ వేషమో అత్త వేషమో రాకపోతుందా అని హైదరాబాదు వచ్చింది. రాలేదు. వచ్చిన దోవన తిరిగి పోలేక గుంపులో నిలబడింది. అయితే గుంపులో ఉన్నా ఆమె గుంపు మనిషిలా ఉండదు. ఇంకాసేపట్లో తెర లేస్తుందన్నట్టు మెడ నిటారుగా పెట్టుకుని ఉంటుంది. ఆ మెడని కెమెరా ఇన్నేళ్ళూ పట్టించుకోకుండా దాటుకుపోయింది.

పెద్ద ఫ్యాను రొద మొదలైంది. "తేలికపూట వచ్చేసింది! నేల వదిలేస్తోంది! అందరూ ఊగండి!" అని మైకులో అరిచారు. అందరూ ఊగారు. కింది అంతస్తులోంచి జావా చెప్పే మాస్టారి గొంతు కూడా మైకులోనే పైకి వస్తోంది. మాటలూ చప్పుళ్ళూ తరవాత వేరేగా కలుపుకుంటారు కాబట్టి ఆ గొంతుతో ఎవరికీ పేచీ లేదు.

ఊగుతూ ఊగుతూ మంగవ్వ పక్కకి చూసింది. కుసుమకుమారి ఊగుడు వేరేగా ఉంది. ఊగమంటే ఊగేవాళ్ళని మంగవ్వ తన జన్మంతా చూసింది, ఇది అది కాదు. కళ్ళు ఎటో పోయాయి. కాళ్ళు నేలని వెతుక్కుంటున్నాయి. ఇంకాస్తలో పడిపోయేదే. మంగవ్వ గబుక్కున ఆమె మణికట్టు పట్టుకుని తన మీదకి లాక్కుంది. ఆ విసురుకి తన మోకాలు కలుక్కుమంది.

"కట్! ఆ చివర ఇద్దరూ, ఎందుకమ్మా చేతులు పట్టుకున్నారు?"

గుమ్మం దగ్గర నిలబడ్డ రాజనర్సయ్య ఫోనులోంచి తలెత్తాడు. జూనియర్లని ఫోన్ చేసి పిలిచేదీ, షూటింగుకి తెచ్చేదీ ఆయనే. చెడ్డవాడేం కాదు. కానీ ఒకసారి ఆయన తెచ్చిన పెద్దమనిషి ఒకాయన ఎండలో కుప్పకూలితే, ఆ షూటింగువాళ్ళు ఈయన్ని నానా మాటలూ అన్నారు. అప్పటినుంచి పడిపోయిన మనిషిని ఆయన మళ్ళీ పిలవడు. తిట్టడు, కోప్పడడు. ఫోను రాదు, అంతే.

ఆ తలెత్తడం చూసేసరికి మంగవ్వ నోట్లోంచి మాట దానంతటదే వచ్చింది.

"మా దీవిల గంతే సార్."

"ఏంటీ?"

"మా దీవిల గంతే. తేలికపూట వస్తే ఎవల్ను వాళ్ళు పట్టుకోరు సార్. పక్కోళ్ళను పట్టుకుంటరు."

గుంపులో మనిషి నోరు విప్పడమే తప్పు, ఇక దీవి సంగతి డైరెక్టరుకే చెప్పడమంటే మాటలు కాదు. మంగవ్వకి రంగు కింద చెమటలు పట్టాయి. రవికాంత్ లేచి వచ్చి వాళ్ళ చేతుల్ని అటూ ఇటూ తిరిగి చూశాడు.

"ఎవడి బరువు వాడు మొయ్యడన్నమాట," అన్నాడు తనలో తను. "పక్కవాడే మొయ్యాలి. బాగుందమ్మా! చాలా బాగుంది. అందరూ పట్టుకోండి, జోడీలు జోడీలుగా. ఇది మీ ఆచారం."

అలా పుట్టింది తూగుదీవుల ఆచారం. పెద్ద పెద్ద దేశాల ఆచారాలు ఇంతకన్నా గొప్పగా పుట్టి ఉంటాయని నమ్మడం కష్టం. రాజనర్సయ్య మళ్ళీ ఫోనులోకి తల దించాడు. కుసుమకుమారి మళ్ళీ మెడ నిటారుగా పెట్టుకుంది, కానీ మణికట్టు మాత్రం మంగవ్వ చేతిలోంచి తీసుకోలేదు.

ఒకసారి కెమెరాకి చిక్కాక దేన్నీ మార్చడానికి లేదు. ఎవరి పక్కన ఎవరు, ఏ చేత్తో ఏ చెయ్యి, అన్నీ ఫొటోలు తీసి పెట్టుకున్నారు. మంగవ్వ కుడిచెయ్యి, కుసుమకుమారి ఎడమ మణికట్టు. ఆ రోజు నుంచి, రోజూ పని ముగిసి ప్యాకప్ అనేదాకా అదే వరస. తేలికపూట వచ్చినప్పుడల్లా మిగతావాళ్ళు పట్టుకున్నట్టు నటించారు. మంగవ్వ మాత్రం నిజంగానే పట్టుకుంది. ఒక నిండు మనిషిని పడకుండా, పడబోతున్నట్టు ఎవరికీ తెలియకుండా పట్టుకోవాలంటే ఆ కష్టం ఎంతో పట్టుకున్నవాళ్ళకే తెలుస్తుంది. సాయంత్రానికి ఆమె భుజం గూడు తప్పినట్టయ్యేది.

లైట్లు సర్దుకోవడానికి పూటలు పూటలు పట్టేది. ఆ ఖాళీలో మూలవాసులకి వేరే పనేముంది? తమ దీవిని తామే కట్టుకున్నారు. పింకీ అని రీల్స్ చేసుకునే పిల్ల ఒకతె ఉంది, మాటలపుట్ట. ఆ పిల్లే ఓ రోజు పులిహోర పొట్లం విప్పుతూ అంది: "ఖాళీ చెయ్యి కనబడ్డదనుకో, దీవికి ఆకలైతదంట. ఆ మనిషిని గుంజుకుంటదంట. గందుకే ఎవలి చెయ్యన్న ఖాళీగుంటే అటుపక్కోళ్ళు ఇటుపక్కోళ్ళు జరిగి పట్టుకోవాలె. లేకుంటే పాపం తలుగుతది."

అందరూ నవ్వారు. నవ్వి ఊరుకోలేదు. ఎవరైనా బాత్రూముకి లేచి వెళ్తే పక్కవాళ్ళు ఆ ఖాళీలోకి జరిగి చేతులు కలిపేవాళ్ళు. భోజనం వరసలో పట్టుకునేవాళ్ళు. మెట్లు దిగేటప్పుడు పట్టుకునేవాళ్ళు, హాస్టలు పిల్లలు ఆ నీలం మొహాల దండని చూసి ఫోన్లు తీసేవాళ్ళు. మొదట్లో అది వేళాకోళమే. పోనుపోను అలవాటైపోయింది. ఈ సంగతి రవికాంత్‌కి ఎవరూ చెప్పలేదు, ఆయన అడగనూ లేదు.

ఒక సాయంత్రం ప్యాకప్ అయ్యాక జూనియర్లని దింపే వ్యాను రాలేదు. మంగవ్వ, కుసుమకుమారి పంజాగుట్ట దాకా నడిచి అక్కడ బస్సెక్కుదామనుకున్నారు. చెవుల వెనక ఇంకా నీలం రంగు అలాగే ఉంది, ఎదురొచ్చేవాళ్ళు ఒకసారి చూసి తప్పుకుపోతున్నారు. ఫ్లైఓవర్ కింద టీబండి దగ్గర ఆగారు. మంగవ్వ ఎడంచేత్తో గ్లాసు అందుకుంది. కుడిచెయ్యి పైకి రానంటోంది.

"ఆ ఎదురుగా ఆస్పత్రిలో చూపించుకున్నానే," అంది కుసుమకుమారి. "చెవిలో నీళ్ళేవో అటూ ఇటూ అయ్యాయట. ఎత్తులెక్కకూడదట. తల పైకెత్తి చూడకూడదట. వీళ్ళకి కంప్యూటర్లో ఊగుతుంది మంగవ్వా, నాకు నిజంగానే ఊగుతోంది. బస్సు దిగితే ఊగుతుంది, మంచం మీద ఇటు నుంచి అటు తిరిగితే ఊగుతుంది."

"మందులు ఏస్కుంటున్నవా అక్కా?"

"వేసుకుంటే నిద్రొస్తుంది. నిద్రపోతూ వేషం ఎలా వెయ్యను?"

"నాలుగు దినాలు ఇంటికాడ పండుకో. నేను చెప్త, ఊరికి పోయిందని."

"నాలుగు రోజులు పడుకుంటే నా జోడీలోకి ఇంకొకర్ని తెచ్చి నిలబెడతారు. రాజనర్సయ్య గారికి ఈ మాట తెలిస్తే అసలు ఫోనే రాదు." కుసుమకుమారి గ్లాసు అడుగున మిగిలిన టీ తాగేసింది. "ఒక్కసారి మంగవ్వా. ఒక్కసారి నా మొహం తెరనిండా పడాలి. ఆ తరవాత పిలవకపోతే మానె. నేను ఈ ఊరు ఎందుకొచ్చానో నాకైనా గుర్తుండాలిగా."

మంగవ్వ ఖాళీ గ్లాసు బండి మీద పెట్టింది. ఆమెకి కుసుమకుమారి అంటే ఇష్టమే. కానీ రోజంతా ఒక మనిషిని మోశాక ఆ ఇష్టం కూడా బరువుగానే ఉంటుంది. నా భుజం సంగతి ఒక్కసారైనా అడగొచ్చు కదా అనిపించింది. వెంటనే, ఛీ, జబ్బు మనిషి మీద ఇదేం కోపం అనిపించింది. రెండూ అనిపించాక ఒళ్ళు మరింత అలిసిపోయింది. బస్సులో సీటు దొరికితే కుసుమకుమారినే కూర్చోమంది.

ఆఖరి షెడ్యూలులో రేకుల కప్పుకి ఇనుప దూలాలు బిగించి తాళ్ళు వేలాడదీశారు. రవికాంత్ అందర్నీ మళ్ళీ నేలమీద కూర్చోబెట్టాడు. మొదటి రోజు కంటే చిక్కిపోయాడు. పైవాళ్ళెవరో ఫోన్లో తొందరపెడుతున్నారు, మాట్లాడేటప్పుడు కూడా ఫోను మోగుతూనే ఉంది.

"ఇవాళ మీ ఆచారం తెగిపోతుంది," అన్నాడు. "ఎప్పుడూ రానంత పెద్ద తేలికపూట. ఎవరూ ఎప్పుడూ వదలని చెయ్యి ఒకటి వదులుతుంది. ఒక మనిషి పోతుంది. ఆ మనిషి ఉన్నచోట ఖాళీ మిగులుతుంది. ఆ ఖాళీ చూసి హీరోకి దీవులంటే ఏంటో అర్థమవుతుంది." వాళ్ళ మొహాల మీదుగా చూసుకుంటూ వచ్చి కుసుమకుమారి దగ్గర ఆగాడు. "మీరమ్మా. ఆ మెడ బాగుంది. మిమ్మల్ని తాడుతో పైకి లాగుతాం. కెమెరా మీ మొహం మీదే ఉంటుంది. పూర్తి క్లోజప్."

కుసుమకుమారి మొహం ఆ నీలం రంగులోంచి కూడా వెలిగింది.

తాడు తగిలించే బెల్టు కట్టడానికి మనిషి రాకముందే మంగవ్వ ఆమెని ఆకుపచ్చ గుడ్డ వెనక్కి లాక్కుపోయింది. ఆ వెనక పాత బోర్డు మీద ఎప్పటివో పాఠాలు ఇంకా చెరపకుండా ఉన్నాయి.

"అక్కా, వద్దని చెప్పు. ఎత్తుల మీదికి పోవద్దన్నడు గదా డాక్టరు."

"ఈ ఒక్కసారికి ఏం కాదు. కళ్ళు మూసుకుంటాను."

"క్లోజప్పుల కండ్లు మూస్కుంటవా? కింద నిలబడితెనే తూలుతున్నవు. గా మీదికి పోయినంక తిరిగిందనుకో, నేనెట్ల పట్టుకోవాలె?"

"నిన్ను పట్టుకోమని ఎవరన్నారు?" అంది కుసుమకుమారి. గొంతు తగ్గించే అంది, కానీ చాలా గట్టిగా తగిలింది. "ఇన్నేళ్ళకి ఒక్కళ్ళు నా మొహం చూసి పిలిచారు. నువ్వు నోరు విప్పావంటే మళ్ళీ నా మొహం చూడకు మంగవ్వా."

గుమ్మంలో రాజనర్సయ్య ఉన్నాడు. నిజం చెప్తే కుసుమకుమారికి ఇవాళ క్లోజప్పు పోతుంది, రేపటినుంచి ఫోను పోతుంది. చెప్పకపోతే మనిషే పోవచ్చు. నోరు విప్పినా తప్పే, మూసుకున్నా తప్పే. మంగవ్వకి చెప్పలేనంత విసుగొచ్చింది. కూర్చుందామంటే ఎక్కడా ఒక్క కుర్చీ లేదు. చివరికి, ఎలాగూ ఒకసారి చెప్పిన అబద్ధమే కదా అనుకుని, నడిచి వెళ్ళి రవికాంత్ ముందు నిలబడింది.

"సార్, మా దీవిల గట్ల కాదు."

ఆయన తలెత్తాడు. ఈసారి కోప్పడలేదు, ఆసక్తిగానే చూశాడు. "మరెలా పెద్దమ్మా?"

"పట్టుకున్నామెనే పోతది సార్. పట్టిచ్చుకున్నామె పోదు. ఇద్దరి బరువు ఒక్కతె మోస్తది గదా? అలిసిపోయేది గామెనే. ఎన్నడన్న ఒకనాడు చెయ్యి జారేది గామెదే. అలిసినోళ్ళే ముందుగాల పోతరు సార్, మా దీవిల."

అబద్ధం చెప్పడానికని నోరు తెరిచిన మనిషి చివరికొచ్చేసరికి నిజం చెప్పేసింది. మెళ్ళో ప్లాస్టిక్ గవ్వల వైపు చూసుకుంటూ నిలబడింది. రవికాంత్ చేతిలో కాగితాల మీద ఏదో కొట్టేశాడు. తరవాత, "బెల్టు ఈవిడకి కట్టండి," అన్నాడు.

కుసుమకుమారి అంతా వింది. మంగవ్వ తిరిగొచ్చి పక్కన నిలబడితే ఆమె వైపు చూడలేదు.

"నా వేషం నువ్వు కొట్టేశావు," అంది ఎదురుగా గుడ్డ వైపు చూస్తూ. "ఎవరెవరో చేశారు ఇన్నేళ్ళూ. నువ్వు చేస్తావనుకోలేదు."

మంగవ్వ జవాబు చెప్పాలంటే రాజనర్సయ్య వినేలా చెప్పాలి. బెల్టు నడుముకి బిగుస్తుంటే ఊపిరి బిగబట్టుకుంది.

ఫ్యాను మొదలైంది. అందరూ జోడీలుగా చేతులు పట్టుకుని ఊగారు. "ఇప్పుడు!" అని అరవగానే కుసుమకుమారి మంగవ్వ చేతిని విదిలించి కొట్టింది. తాడు లాగారు. మంగవ్వ కాళ్ళు నేలని వదిలేశాయి.

పైకి పోతుంటే ముందు భయమేసింది. తరవాత ఇంకేదో అయింది. మోకాళ్ళలో నొప్పి లేదు. ఎన్నేళ్ళనుంచో లోపల ఎవరో సూదులు గుచ్చుతున్నట్టుండే ఆ మోకాళ్ళు ఖాళీగా, చిన్నపిల్లకి ఉన్నట్టు వేలాడుతున్నాయి. కుడిచెయ్యి తేలిగ్గా ఉంది. ఎవరి మణికట్టూ అందులో లేదు. రేకుల వేడి నెత్తికి తగులుతోంది, అయినా హాయిగా ఉంది. కాసేపు ఇక్కడే ఉంచేస్తే బాగుండుననిపించింది. కింద ఒక మనిషి ఆసరా లేకుండా నిలబడి ఉందని తెలిసి కూడా అంత హాయిగా ఉన్నందుకు సిగ్గేసింది.

కిందకి చూసింది. కుసుమకుమారి తూలుతోంది. ఎడంచెయ్యి గాల్లో తడుముతోంది. మంగవ్వ అరవబోయింది. ఈలోగా అటుపక్కనుంచి పింకీ ఒక అడుగు జరిగి ఆ ఖాళీ చెయ్యి పట్టేసుకుంది. ఇటుపక్క ఇంకొకామె జరిగి భుజం ఆనించింది. ఎవరూ వాళ్ళకి చెప్పలేదు. ఖాళీ పూడిపోయింది.

"కట్! ఎవరమ్మా అది జరిగింది? ఖాళీ కనిపించాలని చెప్పానుగా!"

మంగవ్వని దించారు. మళ్ళీ కట్టారు. మళ్ళీ లాగారు. మళ్ళీ పింకీ జరిగింది. "సారీ సార్, చెయ్యి దానంతటదే పోయింది," అంది. మూడోసారి పింకీని దూరంగా నిలబెడితే, ఆమె స్థానంలో ఉన్న ముసలాయన జరిగాడు. ఆయన ఏ షూటింగులోనూ చెప్పినమాట దాటని మనిషి, తన చేతివైపు తనే వింతగా చూసుకున్నాడు. ఒక్కొక్కసారి దించినప్పుడల్లా మంగవ్వ మోకాళ్ళు నేల తగిలి భగ్గుమంటున్నాయి. నాలుగు అడుగులు నడిచి తన చోటుకి పోవడమే గగనమవుతోంది.

"ఎవరు చెప్పారు మీకు ఇలా పట్టుకోమని?" రవికాంత్ జుట్టు పీక్కున్నాడు.

"ఆచారం సార్," అంది పింకీ భయంభయంగా. "ఖాళీ చెయ్యి ఉంచొద్దు."

ఆయన కుర్చీలో కూలబడ్డాడు. మానిటర్లో అప్పటిదాకా తీసిన ముక్కని వెనక్కి తిప్పి చూశాడు. ఇంకోసారి చూశాడు. ఫోను మోగితే కట్ చేసి బల్లమీద బోర్లించాడు. "సరే," అన్నాడు అలిసిపోయిన గొంతుతో. "ఖాళీ వద్దు. మీరు పట్టుకునేదే తీస్తాను. కెమెరా కిందికి తిప్పండి. ఆ పొడుగు మెడ ఆవిడ మొహం మీద పెట్టండి. పైకి చూస్తూ ఉండమ్మా, పోయిన మనిషి వైపు. నేను కట్ అనేదాకా చూపు తిప్పకు."

మళ్ళీ మంగవ్వ పైకి పోయింది. కెమెరా కుసుమకుమారి మొహానికి జానెడు దూరంలోకి వచ్చి ఆగింది. ఒకవైపు మళ్ళీ దగ్గరికొచ్చిన పింకీ, ఇంకోవైపు ముసలాయన ఆమెని పట్టుకుని ఉన్నారు. తల పైకెత్తకూడదన్న మనిషి తల పైకెత్తింది. షెడ్డంతా తిరుగుతూ ఉండి ఉంటుంది ఆమెకి, కానీ చూపు మాత్రం మంగవ్వ మీదే నిలిచింది. మానిటరు దగ్గర రవికాంత్ ముందుకి వంగాడు. "అద్భుతం," అన్నాడు. "అలాగే. అలాగే ఉండమ్మా."

ఆ మొహంలో కోపం లేదు. పైనున్న మంగవ్వకి అది స్పష్టంగా కనిపించింది. కుసుమకుమారి చూస్తున్నది ఆకాశంలోకి పోతున్న మూలవాసిని కాదు, తాడుకి వేలాడుతున్న వాచిన మోకాళ్ళని. ఎన్నాళ్ళుగానో పక్కనే ఉన్నా ఆమె వాటిని చూడలేదు. ఇప్పుడు సరిగ్గా కళ్ళ ఎదుట ఉన్నాయి.

మంగవ్వ పని అయిపోయిందనుకుని తాడు పట్టుకున్నవాళ్ళు నెమ్మదిగా దించడం మొదలుపెట్టారు. కెమెరా ఇంకా నడుస్తూనే ఉంది. ఫ్రేముకి అవతల, పక్కగా, మంగవ్వ పాదాలు నేలకి ఆనాయి. ఎవరో బెల్టు కొక్కెం తీసేశారు. బరువంతా ఒక్కసారిగా తిరిగొచ్చింది. మోకాళ్ళు మడతపడ్డాయి. గుమ్మంలో రాజనర్సయ్య ఫోనులోంచి తలెత్తాడు.

కుసుమకుమారి మెడ తిప్పింది. ఒకవైపు పింకీ చేతిని, మరోవైపు ముసలాయన చేతిని వదిలించుకుని, తన జన్మలో మొదటిసారి తన కోసం వచ్చిన కెమెరాని పక్కకి తోసుకుంటూ, తూలుతూ వచ్చి, నేల తాకబోతున్న మంగవ్వ మణికట్టు దొరకబుచ్చుకుంది. ఇద్దరూ ఒకళ్ళమీద ఒకళ్ళు పడబోయి, ఎలాగో నిలదొక్కుకున్నారు.

"కట్! కట్! అయ్యో, ఎంత బాగా వస్తోందమ్మా! ఎందుకు వచ్చేశారు ఫ్రేములోంచి?"

"అక్కా, నీ క్లోజప్పు పోయింది," అంది మంగవ్వ ఆమె భుజంలోకి. ఏడుపొచ్చేసింది.

"తెలుసు. నోర్మూసుకుని కాళ్ళు కూడదీసుకో."

రాజనర్సయ్య గుమ్మం దాటి లోపలికి వచ్చాడు. మంగవ్వ కాళ్ళవైపే చూస్తున్నాడు. "ఏమైంది మంగవ్వా? నిలబడొస్తలేదా?"

కుసుమకుమారి మంగవ్వ చెయ్యి వదలకుండానే మెడ నిటారుగా పెట్టి, పరిషత్తులో ఆఖరి వరసదాకా వినిపించిన ఆ గొంతుతో జవాబిచ్చింది.

"ఏమీ కాలేదు రాజనర్సయ్య గారూ. మా దీవిలో అంతేనండి."